భూమి తీసుకునే దాకా

మా లారివేలో చలికాలంలో పోయినవాళ్లు మే నెల దాకా పోయినట్టు లెక్క కాదు. బయటివాళ్లకు చెబితే నవ్వుతారు కాబట్టి చెప్పం. నవంబరు వచ్చిందంటే మా నేల గడ్డకట్టి గునపం దిగదు. శవపెట్టెను చర్చి వెనక రాతి గదిలో పెట్టి తాళం వేస్తాం. మంచు కరిగి మట్టి మెత్తబడ్డాక, మే నెలలో ఒక శనివారం, ఆ చలికాలంలో పోయినవాళ్లందరినీ ఒకేసారి పూడుస్తాం. అప్పటిదాకా వాళ్ల గురించి ‘ఉన్నాడు’, ‘అంటాడు’ అనే మాట్లాడతాం. పొలం పంచుకోరు, బట్టలు ఎవరికీ ఇవ్వరు, పెళ్లాన్ని విధవ అని పిలవరు. టౌన్‌షిప్ జాబితాలో పేరు కూడా కొట్టెయ్యం.

ఆ జాబితా రాసేది నేను. నా పేరు జిల్బెర్త్ తుర్మెల్. ముప్పై ఒక్క ఏళ్లుగా ఈ టౌన్‌షిప్‌కు గుమాస్తాను. నాకు ముందు మా నాన్న విల్‌బ్రోద్. మా ఇద్దరి చేతిరాత తప్ప ఈ ఊరి పుస్తకాల్లో మూడో చేతిరాత కనిపించదు. ఆయనది అందంగా ఉంటుంది, నాది అర్థమవుతుంది.

ఊరి చరిత్ర అడిగితే నేను అంకెల్లోనే చెబుతాను. 1914లో ఒక పాదిరీ క్యూబెక్ నుంచి ఇరవై ఏడు కుటుంబాలను రైలెక్కించి తెచ్చి, ఒంటారియో ఉత్తరాన ఈ స్ప్రూస్ అడవిలో దించాడు. భూమి బంగారమని చెప్పాడట. ఆ బంగారం కింద బంకమట్టి ఉందని, పంటకు మూడు నెలలకు మించి వేసవి ఉండదని చెప్పలేదు. దిగినవాళ్లు నూట అరవై మూడు మంది. నాలుగేళ్లకు విషజ్వరం వచ్చింది. ఒక్క చలికాలంలో పందొమ్మిది మంది ఆ రాతి గదికి చేరారు. మార్చిలో జనాభా లెక్క పై ఆఫీసుకు పంపాలి. తగ్గితే పోస్టాఫీసు రాదు. మా నాన్నకు అప్పుడు ఇరవై నాలుగేళ్లు. ఏం చేయాలో తోచక పాదిరీ దగ్గరికి వెళ్లాడు. “భూమి తీసుకునే దాకా వాళ్లు మనవాళ్లే. రాయి” అన్నాడట పాదిరీ. అది భక్తితో అన్నాడో పోస్టాఫీసు కోసం అన్నాడో నాకు తెలియదు. రెండూ అయి ఉంటాయి. పోస్టాఫీసు మాత్రం వచ్చింది.

1941లో మేం వెయ్యి నూట నలభై మందిమి. రెండు బడులు, ఒక జున్ను డెయిరీ, రంపపు మిల్లు, ఎప్పుడూ ఓడిపోయే ఒక హాకీ జట్టు. తర్వాత కలప క్యాంపులు మూతపడ్డాయి. పిల్లలు నికెల్ గనుల వైపు వెళ్లారు. అరవై ఒకటిలో ఆరు వందల పన్నెండు. డెబ్బై ఒకటిలో మూడు వందలు పైచిలుకు. ప్రతి పదేళ్లకూ నేను సగాన్ని కొట్టేసినట్టే ఉండేది. కోపం వచ్చేది, ఎవరి మీదో తెలిసేది కాదు.

1978 నవంబరులో పై ఆఫీసు నుంచి ఉత్తరం వచ్చింది. వచ్చే మార్చి ముప్పై ఒకటిన జనాభా నూట యాభైకి ఒక్కరు తగ్గినా టౌన్‌షిప్‌ను రద్దు చేసి పక్కన ఉన్న హార్‌గ్రేవ్‌లో కలిపేస్తారట. ఆ రోజు ఒక ఆఫీసరు వచ్చి, గుమాస్తా చేత బైబిల్ మీద ప్రమాణం చేయించి, పేర్లు చదువుతాడట. హార్‌గ్రేవ్ ఇంగ్లీషువాళ్ల ఊరు. కలిస్తే మాకు కౌన్సిల్ ఉండదు. మంచు తీసే బండి వాళ్ల వీధులన్నీ తీశాక మా వైపు వస్తుంది. ఫ్రెంచిలో రాసిన మా పుస్తకాలు అక్కడి నేలమాళిగలోకి పోతాయి, వాటిని చదవగలిగినవాళ్లు అక్కడ ఒక్కరూ ఉండరు. ఉత్తరం వచ్చిన రోజు మేం నూట యాభై ఒక్కరం.

డిసెంబరులో ఫిలియాస్ ఫెక్తో పోయాడు. ఎనభై రెండేళ్లు. మొదటి రైల్లో వచ్చినవాళ్లలో మిగిలిన చివరి మగవాడు.

జనవరి పదకొండున రొజేర్. నా భర్త.

గుండెజబ్బు. రెండు వారాలు పట్నం ఆస్పత్రిలో ఉన్నాడు. ముక్కులో గొట్టాలు పెట్టుకుని కూడా నవ్వేవాడు. ఇరవై రెండు చలికాలాలు ఈ టౌన్‌షిప్ మంచుబండి నడిపాడు, ఈ ఊళ్లో ఏ గుంట ఎక్కడుందో నాకన్నా వాడికే బాగా తెలుసు. చివరి ఆదివారం నా చెయ్యి పట్టుకుని, “మే దాకా నా పేరు కొట్టెయ్యకే. నీకు లెక్కలో పనికొస్తాను” అన్నాడు.

“నోరు మూసుకుని పడుకో” అన్నాను. నేను వాడితో ఆఖరుగా మాట్లాడిన మాటల్లో అదొకటి.

ఇప్పుడు లెక్క అందరికీ తెలుసు. ఊళ్లో బతికి ఉన్నవాళ్లం నూట నలభై తొమ్మిది. రాతి గదిలో ఇద్దరు. మా లెక్క ప్రకారం నూట యాభై ఒకటి.

నిజం చెబుతాను. ఆ చలికాలం నాకు ఏడుపు రాలేదు. రొజేర్ ఇంకా లెక్కలో ఉన్నాడు కదా అనుకున్నాను. వాడి బూట్లు తలుపు దగ్గరే ఉన్నాయి. సూప్ ఇద్దరికి సరిపడా చేసి, మిగిలింది మర్నాడు తినేదాన్ని. దుకాణంలో ఎవరైనా “రొజేర్‌కి ఆ బీన్సంటే ప్రాణం కదా” అంటే, “అవును, ఇష్టం” అనేదాన్ని. ఊరంతా నాతో పాటు అలాగే మాట్లాడింది. మార్చి ముప్పై ఒకటి అంటే నాకు భయం. మే నెలంటే అంతకన్నా భయం.

మార్చి ఇరవై తొమ్మిదిన, మధ్యాహ్నం పూట, ఫిలియాస్ కూతురు అల్దేయా ఆఫీసుకు వచ్చింది. చేతిలో పంది మాంసం కూరి కాల్చిన రొట్టె గిన్నె, మీద గుడ్డ కప్పి ఉంది. అల్దేయాకు యాభై ఆరేళ్లు, పెళ్లి చేసుకోలేదు, తండ్రిని చూసుకుంటూ ఉండిపోయింది. ఆవిడ ఊరికే రొట్టె తెచ్చే మనిషి కాదు.

“నాన్న పేరు కొట్టెయ్, జిల్బెర్త్” అంది కూర్చోకుండానే.

“ఏంటీ?”

“కొట్టెయ్యమన్నా. ఎల్లుండి ఆ ఆఫీసరొచ్చి పేర్లు చదువుతాడట కదా. మా నాన్న పేరు చదవకూడదు.”

నాకు ఒళ్లు మండిపోయింది. “భలే టైము చూసి వచ్చావే. డిసెంబరు నుంచి ఏం చేస్తున్నావు? గోళ్లు గిల్లుకుంటున్నావా? ఊరు ఊరంతా రెండు పేర్ల మీద నిలబడి ఉంటే…”

“అందుకే వచ్చాను.” రొట్టె గిన్నె బల్ల మీద పెట్టింది. “తొమ్మిదేళ్లకి రంపం పట్టుకున్నాడు మా నాన్న. పదిహేడేళ్లకి ఈ అడవిలోకొచ్చాడు. ఈ ఊరి రోడ్డు సగం ఆయన కొట్టి పరిచిన దుంగల మీదే వేశారు. నడుం పోయింది, రెండు వేళ్లు పోయాయి. ఒక్క రోజు కూడా సెలవన్న మాట ఎత్తలేదు. ఇప్పుడా పెట్టెలో పడుకున్నాక కూడా మీరాయన చేత పని చేయిస్తున్నారు. ఇంక చాలు. ఆయన్ని వదిలెయ్యండి.”

“అది పని కాదే. ఆచారం.”

“ఉత్తరం రాకముందు అది ఆచారమే. అప్పుడు ఆయన మనవాడు. ఇప్పుడు ఆయన మీకొక అంకె.”

జాబితా ముందుకు లాక్కున్నాను. కలం తీసి ఫెక్తో ఫిలియాస్ మీద ఒక గీత గీశాను. ముప్పై ఒక్క ఏళ్లలో చలికాలంలో పేరు కొట్టెయ్యడం అదే మొదటిసారి. అల్దేయా ఆ గీతను వంగి చూసింది, కళ్లు తుడుచుకుంది, రొట్టె గిన్నె తర్వాత వచ్చి పట్టుకెళ్తానంది.

అరగంట కూడా కాలేదు, మా మేయర్ ఒవీద్ లాకాస్ వచ్చాడు. మా ఊళ్లో మాట నడవదు, పరుగెడుతుంది. ఒవీద్ నాకు మేనత్త కొడుకు, పద్దెనిమిదేళ్లుగా మేయరు. మనిషి చెడ్డవాడు కాడు. ఈ ఊరి కోసం వాడు తిరిగిన ఆఫీసులు, తిన్న చీవాట్లు నాకు తెలుసు. టోపీ తియ్యకుండానే వేళ్ల మీద లెక్కపెట్టాడు.

“నూట యాభై” అన్నాడు. “సరిగ్గా. రొజేర్ ఉన్నాడు కదా. చాలు.”

ఆ ‘చాలు’ అన్న మాట నాకు గుండెల్లో గుచ్చుకుంది.

“బైబిల్ మీద చెయ్యి వేసి చెప్పాలి ఒవీద్.”

“వేస్తావు. మీ నాన్న సంతకం పెట్టలేదా? ప్రతి మార్చిలో ఉన్నవాళ్లనీ వేచి ఉన్నవాళ్లనీ కలిపే రాశాడు. అది అబద్ధమైతే మనం అరవై ఏళ్ల నుంచీ అబద్ధాలకోరులం.”

“అయి ఉండొచ్చు.”

“జిల్బెర్త్.” కుర్చీ లాక్కుని నా ఎదురుగా కూర్చున్నాడు. గొంతు తగ్గింది. “రొజేరే చెప్పాడు కదా నీకు. నాకూ చెప్పాడు, ఆస్పత్రిలో. ‘నన్ను వాడుకోండిరా’ అన్నాడు. వాడికిష్టమయ్యే ఇచ్చాడు. ఒక్క పేరు. ఒక్కటే. ఎల్లుండి ఆ పేరు దగ్గర ‘ఇక్కడే’ అను. ఇంకేం అడగను.”

“మే తర్వాత? వచ్చే మార్చిలో?”

“వచ్చే మార్చికి ఐరీన్ కాన్పవుతుంది. ఎవడో ఒకడు గని నుంచి తిరిగొస్తాడు. ఒక్క ఏడాది దొరికితే నేనేదో చేస్తాను.”

వాడి కళ్లలో నీళ్లు. నాకు వాడి మీద జాలేసింది, చెంప పగలగొట్టాలనీ అనిపించింది. సరే అనలేదు, కాదనీ అనలేదు. వాడు దాన్ని సరే అనే తీసుకున్నాడు.

ముప్పై ఒకటిన ఆఫీసరు వచ్చాడు. శార్త్రాన్ అని, మా భాషవాడే, సన్నగా, కళ్లద్దాలు. మా మీద జాలితోనే మా భాషవాడిని పంపి ఉంటారు. టౌన్‌షిప్ హాలులో బెంచీల మీద నలభై మందిదాకా కూర్చున్నారు. పొయ్యి బాగా మండుతోంది, తడి ఊలు వాసన. ఆయన బల్ల దగ్గర, నేను పక్కన. బైబిల్ మీద చెయ్యి పెట్టించాడు.

“నేను పేరు చదువుతాను మదాం. ఆ మనిషి ఈ రోజు బతికి ఉండి, ఈ టౌన్‌షిప్‌లో నివాసం ఉంటే ‘ఇక్కడే’ అనండి. అంతే.”

బతికి ఉండి. మా నాన్న రోజుల్లో ఆ మాట ఎవరూ అడగలేదు. కాగితం నింపి పంపితే సరిపోయేది.

చదవడం మొదలుపెట్టాడు. మొదట్లో తమాషాగానే నడిచింది. “ద్రువాన్, జోసెఫ్” అన్నాడు.

“ఏ జోసెఫ్?” అన్నాను.

“ఎంతమందున్నారు?”

“నలుగురు. కుంటి జోసెఫ్, లెయోన్ కొడుకు జోసెఫ్, పందుల జోసెఫ్, ఇంకొకడున్నాడు, వాణ్ణి ఉత్తి జోసెఫ్ అంటాం.”

వెనక నుంచి ఎవరో, “పందులు లెక్కలోకి వస్తాయా సార్?” అన్నారు. హాలంతా నవ్వింది. ఆయనా నవ్వాడు. “రావు” అని నలుగురు జోసెఫ్‌లకూ టిక్కు పెట్టుకున్నాడు.

ఫెక్తోల దగ్గర అల్దేయా పేరు తర్వాత ఫిలియాస్ పేరు మీద గీత చూసి ఆగాడు. “డిసెంబరులో పోయాడు” అన్నాను. సరే అని ముందుకెళ్లాడు. అల్దేయా తల వంచుకుంది.

పేరు వెంట పేరు. ఇక్కడే. ఇక్కడే. నేను చెబుతూ బెంచీల వైపు చూస్తున్నాను. లాకాస్ అంటే ఒవీద్ గడ్డం గోక్కుంటున్నాడు. మొరాన్ అంటే ఐరీన్ నడుముకు చెయ్యి ఆనించి కూర్చుంది. ఎవరో దగ్గారు. ఒక పసివాడు చేతి తొడుగు నములుతున్నాడు. నేను ‘ఇక్కడే’ అన్న ప్రతి ఒక్కరూ ఊపిరి తీసుకుంటున్నారు, చెమట పడుతున్నారు, ఇంటికి వెళ్లి తింటారు. ముప్పై ఒక్క ఏళ్లలో నా జాబితాను నేను ఇలా ఎదురుగా ఎన్నడూ చూడలేదు.

“తుర్మెల్, జిల్బెర్త్.”

“ఇక్కడే.” కొందరు నవ్వారు.

“తుర్మెల్, రొజేర్.”

నవ్వు ఆగిపోయింది. నా నోట్లో ఆ మాట సిద్ధంగానే ఉంది, అందుకే వచ్చాను నేను ఆ హాలుకు. ఒవీద్ నా మీదే కళ్లు నిలిపి ఉన్నాడు. వాడిని చూస్తే నాకు రొజేర్ గుర్తొచ్చాడు. ఇరవై రెండేళ్లు, తుఫాను వచ్చిన ప్రతిసారీ, తెల్లవారుజామున నాలుగింటికి ఎవరో ఒకరు ఫోన్ చేసేవారు. వాడు మంచం మీద కూర్చుని, కళ్లు మూసుకునే మేజోళ్లు తొడుక్కునేవాడు. ఒళ్లు కాలిపోతున్నా వెళ్లాడు. ఛాతీలో నొప్పి మొదలయ్యాక కూడా ఆ చలికాలం రెండుసార్లు వెళ్లాడు, నాకు చెప్పలేదు. ఊరు పిలిస్తే లేచి వెళ్లడమే వాడికి తెలుసు. చచ్చిపోతూ కూడా అదే చేశాడు. ఇప్పుడు మళ్లీ పిలుస్తున్నారు, పిలిచేది నేను.

“మదాం?”

“చనిపోయాడు” అన్నాను. “జనవరి పదకొండున.”

ఆ మాట నేను అనడం అదే మొదటిసారి. నాకే ఎవరో చెప్పినట్టు వినపడింది. అప్పుడు తెలిసింది, వాడు లేడు. రాతి గదిలో వేచి లేడు, లెక్కలో లేడు, ఇంటికి వెళితే ఉండడు.

శార్త్రాన్ గీత గీశాడు. తర్వాతి పేరు చదివాడు. “వేయ్యో, అర్మాన్.”

నేను నోరు తెరిచాను, మాట రాలేదు. మళ్లీ ప్రయత్నించాను. బెంచీల్లోంచి అర్మానే లేచి నిలబడ్డాడు. “ఇక్కడే ఉన్నాను సార్.”

“వేయ్యో, బ్లాంశ్.”

“ఇక్కడే.”

అలా తమ పేర్లకు తామే లేచి చెప్పారు, లెక్కకు ఒక్కరు తగ్గారని అందరికీ తెలిసి కూడా. చివరి పేరు వేయ్యో ఎగ్జిల్దా. తొంభై ఒకటి. ఇద్దరు మనవలు చెరో రెక్కా పట్టి లేపారు. “ఇక్కడే” అంది. “రైలు దిగినప్పటి నుంచీ ఇక్కడే. రాసుకో నాయనా, కలం పనిచేస్తోందా?”

“పనిచేస్తోందమ్మా” అన్నాడాయన.

రెండుసార్లు కూడి చూశాడు. కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. “నూట నలభై తొమ్మిది. ఈ నెలలో ఎవరైనా పుట్టారా మదాం? ఎవరైనా తిరిగొచ్చారా?”

“లేదు” అన్నాను.

“నాకు చాలా బాధగా ఉంది” అన్నాడు. అది మర్యాదకు అన్న మాట కాదని నాకనిపించింది. కాగితాలు సంచీలో పెట్టుకుని, హాలులో అందరికీ తల వంచి, వెళ్లిపోయాడు. బయట ఆయన కారు స్టార్టవడానికి చాలా సేపు పట్టింది.

అరవై ఐదేళ్ల ఊరిని ఒక్క మాటతో ముగించాను. ఇక వీళ్ల మధ్య ఏ మొహం పెట్టుకుని తిరగాలో నాకు తెలియలేదు. ఒవీద్ లేచి నా వైపు వస్తుంటే, తిడితే తిట్టనీ అనుకుని, బల్ల అంచు పట్టుకుని నిలబడ్డాను.

వాడు నా ఎదురుగా వచ్చి టోపీ తీశాడు. నా చేతిని తన రెండు చేతుల్లోకి తీసుకున్నాడు. మా దగ్గర పరామర్శ సమాధి దగ్గరే, మే నెలలోనే. అంతకు ముందు ఆ మాట అనడం అశుభమని పెద్దలు మందలిస్తారు. జనవరి నుంచీ ఒక్కరు కూడా నాతో ఆ మాట అనలేదు.

“రొజేర్ పోయాడు జిల్బెర్త్” అన్నాడు. “చాలా మంచివాడు. నాకు చాలా బాధగా ఉంది.”

వాడి వెనక అల్దేయా నిలబడింది. అల్దేయా వెనక కుంటి జోసెఫ్, ఐరీన్, వేయ్యోలందరూ. బెంచీల్లోంచి ఒక్కొక్కరే లేచి వరుసలోకి వచ్చారు. నేను బల్ల వదిలేసి, ఒవీద్ భుజం మీద తల పెట్టి, నా మొగుడి కోసం ఏడ్చాను.